కింది దీపం

ఇప్పటికీ ఎవరైనా నా ముందు వాస్తు మాట ఎత్తితే ఒళ్లు మండిపోతుంది. మా ఇంటికి వచ్చే చుట్టాలను మా ఆయన వీధిలోనే ఆపి, ఆమె దగ్గర గుమ్మాలూ దిక్కులూ మాట్లాడవద్దని చెప్పి లోపలికి తెస్తాడు. మంచి పని చేస్తాడు. ఒక స్తంభాన్ని పది అడుగులు జరిపినందుకు ఒక మనిషి చెయ్యి పాడైపోయింది. చెయ్యి పాడైన ఆ మనిషి మీదికే తప్పంతా నెట్టి, ఆమె బతుకుతెరువు కూడా లాగేసుకోవాలని ఒక ఊరు చూసింది. ఆ ఊరు మాదే. స్తంభం జరిపింది మా అన్న. కోపం రాకుండా ఎట్లా చెప్పమంటారు ఈ సంగతి?

మా ఊరు ధర్మపురి జిల్లాలో, పెన్నాగరం దాటాక, మేట్టూరు డ్యాము నీళ్లు వెనక్కి వచ్చి నిలిచే చోట ఉంది. అవతలి గట్టు సేలం జిల్లా. వారం సంత అవతల జరుగుతుంది. రోడ్డు మీద పోవాలంటే చుట్టు తిరిగి సగం రోజు పడుతుంది, పడవలో అయితే ముప్పావు గంట. డ్యాము కట్టినప్పుడు మునిగిపోయిన పాత ఊరు ఒకటి ఆ నీళ్ల అడుగున ఉంది. మట్టిగోడలు ఎప్పుడో కరిగిపోయాయి గానీ రాతిగోడలు అట్లాగే నిలిచి ఉన్నాయి, నరికేసిన చింతచెట్ల మోళ్లు కూడా. ఆ పాత ఊరి నడుమ నుంచి ఒక బండిబాట తిన్నగా మా చేని దాకా వచ్చేది. పడవకు ఇప్పుడు అదే దారి. బాట మీద ఉన్నంతసేపు అడుగున ఏమీ తగలదు. తప్పితే అటు గోడ, ఇటు మోడు.

పొద్దు గూకాక ఆ దారి చూపించడానికి గట్టు మీద రెండు దీపాలు పెట్టించింది మా నాన్న. వయసులో ఉన్నప్పుడు ఆయన మద్రాసు హార్బరులో ఎనిమిదేళ్లు పడవల మీద పనిచేశాడు. అక్కడ కొండంత ఓడలు కూడా రేవులోకి వచ్చేటప్పుడు గట్టు మీద రెండు దీపాలను చూసుకుంటూ వస్తాయట. ముందున్నది కిందగా ఉంటుంది, వెనక ఉన్నది ఎత్తుగా ఉంటుంది. నీళ్ల మీద నుంచి చూస్తే రెండూ ఒకదాని నెత్తిన ఒకటి కనబడాలి. అట్లా కనబడినంతసేపు నువ్వు దారిలో ఉన్నట్టు. కింది దీపం పక్కకు పోయినట్టు అనిపిస్తే నువ్వు దారి తప్పావు. అది ఎటు పోతే నువ్వూ అటే తిప్పుకోవాలి, మళ్లీ రెండూ కలిసేదాకా. అంతే. చదువు అక్కర్లేదు, యంత్రం అక్కర్లేదు.

నాన్న నాకు తెలుగు అక్షరాలు నేర్పినట్టే ఇదీ నేర్పాడు. మా ఇళ్లలో తెలుగు మాట్లాడతారు గానీ రాయడం వచ్చినవాళ్లు చాలా తక్కువ. దీపాల సంగతి కూడా అంతే, అందరూ చూసేవాళ్లే, తెలిసినవాళ్లు ఇద్దరు ముగ్గురు. ఒకసారి స్తంభం కొంచెం పక్కకు ఒరిగిందని నాన్న పొద్దున్నే గడ్డపార తీసుకొని బయలుదేరితే, ఇంత చిన్నదానికి ఎందుకంత హడావిడి అన్నాను. ఆయన పందిరి కోసం తెచ్చిన పొడుగాటి వెదురుబొంగు ఒకటి నేల మీద పడేసి, ఒక కొసను నన్ను కాలితో తొక్కిపట్టమన్నాడు. నా కాలికి కొంచెం అవతల బొంగును బెత్తెడు జరిపాడు. రెండో కొస ఎక్కడికో పోయింది. కింది దీపం దగ్గర ఒక్క అడుగు జరిగితే, అక్కడ నీళ్లలో పాత ఊరి గోడ దగ్గర ఆరడుగులు దారి తప్పుతుందని అప్పుడు చెప్పాడు. ఆ బండిబాట వెడల్పే ఇరవై అడుగులు.

రెండు దీపాలకూ ఒకటే స్విచ్చి. పైదీపం పక్కనే ఉన్న మా పాత ఇంటి వసారాలో ఉండేది. నేను మేనమామ కొడుకునే చేసుకున్నాను కాబట్టి పెళ్లయినా ఊరు మారలేదు. నాన్న పోయాక ఆ ఇల్లూ, ఆ స్విచ్చీ నా పాలికి వచ్చాయి. చీకటి పడే వేళకు దీపాలు వేయడం, ఆఖరి పడవ చేరాక ఆర్పేయడం నా పని.

పడవ నడిపేది ఒక ఆడమనిషి. పడవ నడిపే హక్కు మొగుడి పేరు మీద ఉండేది గానీ అతను తిరుప్పూరు బనియన్ కంపెనీల దారి పట్టి చాలా ఏళ్లయింది. చేపలు పట్టే అరవవాళ్ల ఇంటి పిల్ల, నాకంటే రెండు మూడేళ్లు చిన్న. పడవ వెనక నిలబడి ఒంటి తెడ్డుతో పదిమందిని, వాళ్ల బుట్టలను, మేకలను దాటించేది. ఎవరితోనూ ఎక్కువ మాట్లాడేది కాదు. పదేళ్లలో ఒక్కరి చెప్పు తడవలేదు ఆమె పడవలో. అప్పుడు మాత్రం ఒక్కడికీ ఆమె ఆడది అని గుర్తు రాలేదు.

ఇక మా అన్న. వానలు లేని మూడేళ్లు డ్యాము అడుగంటి, మునిగిన ఊరు మొత్తం బయటపడింది. జనం ఆ గోడల మధ్యనే రాగులూ నువ్వులూ చల్లుకున్నారు. మా అన్న కూడా దున్నాడు. బండిబాట పక్కన మిగిలిన ఆ పెద్ద రాతిగోడ నీడలోనే కూర్చొని సంగటి తినేవాడు. నేనే తీసుకుపోయి ఇచ్చేదాన్ని. ఆ గోడ ఎక్కడుందో అతనికి తెలియదని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను.

తరవాత వానలు పడి డ్యాము నిండింది, పడవ మళ్లీ తిరిగింది. అన్నకు నీళ్లకు ఎదురుగా మేడ కట్టాలని కోరిక పుట్టింది. కింది దీపం వెనకే కట్టాడు. గృహప్రవేశానికి ముందు రోజు పొద్దున పాపిరెడ్డిపట్టి నుంచి వాస్తు చూసే ఆయన ఒకడు దిగాడు. అరచేతిలో దిక్సూచి పెట్టుకొని ఇల్లంతా తిరిగి, సింహద్వారంలో నిలబడి, ఎదురుగా ఉన్న దీపస్తంభాన్ని చూసి తల అడ్డంగా ఊపాడట. ద్వారానికి ఎదురుగా స్తంభం ఉంటే యజమానికి గండం అన్నాడట. అంతే. పందిరి వేయడానికి వచ్చిన ఇద్దరు మనుషులు, ఒక గడ్డపార, గంట పని. స్తంభాన్ని పెకలించి ఉత్తరం పక్కకు పది అడుగులు జరిపి పాతేశారు. పాత గుంతను సిమెంటుతో పూడ్చి దాని మీద ముగ్గు కూడా వేశారు.

నేను బాలవాడిలో పిల్లలకు అన్నాలు పెట్టి మధ్యాహ్నం ఇంటికి వస్తూ చూశాను. పది అడుగులు అంటే గోడ దగ్గర అరవై. పైగా కింది జిల్లాల వరికి నీళ్లు వదిలిన రోజులు, డ్యాము దినదినం దిగుతోంది. గోడ నెత్తి నీళ్ల కింద జానెడు లోతుకు వచ్చి ఉంటుంది. అరవై అడుగులు ఉత్తరానికి పోతే పడవ సరిగ్గా ఆ గోడ మీదికే వస్తుంది.

నేరుగా అన్న దగ్గరికి పోయాను. నలుగురిలో అని కూడా చూడలేదు, అరిచాను. నాన్న పెట్టిన స్తంభాన్ని ముట్టే హక్కు నీకెవరిచ్చారు అన్నాను. దీపం దీపమే కదా, అక్కడుంటే ఏమి ఇక్కడుంటే ఏమి అన్నాడు. వెదురుబొంగు సంగతి చెప్పాను, గోడ సంగతి చెప్పాను. గోడకు చెప్పినా వినేదేమో. వదిన వచ్చి, రేపు శుభం జరగబోయే ఇంట్లో ఈ అపశకునపు మాటలు ఏంటమ్మా అని కళ్లనీళ్లు పెట్టుకుంది. చివరికి అన్న నా భుజం పట్టుకొని గేటు దాకా తెచ్చాడు.

"రేపు పాలు పొంగించేది కానీ. ఎల్లుండి పై స్తంభం కూడా పది అడుగులు జరిపిస్తాను, సరిపోతాది. పో పాపా, పోయి పని చూసుకో."

రెండూ జరిపితే కూడా సరిపోదని, అప్పుడు దారి మొత్తం బాట నుంచి పది అడుగులు పక్కకు పోతుందని చెప్పబోయాను. అతను అప్పటికే పందిరివాళ్లను కేకేస్తూ లోపలికి పోయాడు. నేను ఇంటికి వచ్చి పడుకున్నాను. అన్నం తినలేదు. మా ఆయన వచ్చి పలకరిస్తే ఆయన మీద కూడా విసుక్కున్నాను. వాస్తు ఆయనను, వదినను, అన్న మేడను, నన్ను పట్టుకొని గేటు దాకా నడిపించిన ఆ చేతిని తలచుకొని తలచుకొని తిట్టుకున్నాను. నాలుగు గంటలకు పడవ సంత జనాన్ని తేవడానికి అవతలికి పోయింది.

ఆరున్నరకు లేచి స్విచ్చి వేశాను.

ఇక్కడ ఆగాలి. ఎందుకు వేశావని నన్ను ఎవరూ అడగకముందే నేనే అడుక్కున్నాను, ఇన్నేళ్లుగా అడుక్కుంటూనే ఉన్నాను. వేయకపోతే పడవ అవతలే ఆగిపోతుంది, సంతకు పోయినవాళ్లు ఇరుక్కుపోతారు అని చెప్పుకోవచ్చు. పదేళ్లుగా తిరిగే మనిషి, దీపం కొంచెం అటూ ఇటూ అయితే ఆమెకు తెలియదా అనుకున్నానని కూడా చెప్పుకోవచ్చు. అవన్నీ తరవాత కుట్టిన మాటలు. మసక పడింది, అలవాటుగా చెయ్యి అటు పోయింది, స్విచ్చి పడింది. మనసంతా ఇంకా అన్నతో పోట్లాడుతూనే ఉంది.

పడవ వచ్చేటప్పుడు సన్నగా తుంపర పడుతోందట. ఆమెకు రెండు దీపాలు ఒకదాని కింద ఒకటి కలవలేదు, కింది దీపం ఒక పక్కకు పోయినట్టు కనబడింది. దారి తప్పాననుకొని, నాన్న నేర్పినట్టే, కింది దీపం ఉన్న పక్కకు తిప్పుకుంది. రెండూ కలిశాయి. కలిశాక నిబ్బరంగా తెడ్డు వేసింది. పడవ గోడ నెత్తిన ఎక్కి, పలక పగిలి, పక్కకు వాలింది. తొమ్మిదిమంది ఉన్నారు. ఒడిలో పిల్లతో ఒకామె కూడా ఉంది. జారిపోతున్న పడవను పడవామె గోడకు ఆనించి కుడిచేత్తో పట్టుకొని, ఒక్కొక్కరినీ గోడ మీదికి దించింది. మునిగిన ఊరి గోడ మీద పిక్కలలోతు నీళ్లలో వరసగా నిలబడి వాళ్లు అరిచిన అరుపులు మా వసారాలోకి వినబడ్డాయి. అందరూ బతికారు. రెండు మేకలు పోయాయి. పడవకూ రాతికీ మధ్య ఆమె చెయ్యి నలిగిపోయింది.

ఆ రాత్రే ధర్మపురి ఆసుపత్రిలో మూడు వేళ్లు తీసేశారు. తెల్లవారుజామున అన్న మేడలో పాలు పొంగాయి. ముహూర్తం మళ్లీ దొరకదట. నేను పోలేదు. పంచిన లడ్డూలు వదిన మా ఇంటికి పంపితే తెచ్చినామె చేతిలోనే తిప్పి పంపాను.

తరవాతి ఆదివారం బడి వసారాలో ఊరు కూడింది. ఆమె కట్టు కట్టిన చేతిని ఒళ్లో పెట్టుకొని, ఒక మూల నేల మీద కూర్చుంది. అన్న పెద్దల వరసలో కుర్చీలో కూర్చున్నాడు. ఎవరూ స్తంభం మాట ఎత్తలేదు. ఆడదాని చేతికి తెడ్డు ఇవ్వడమే తప్పని ఒకరు మొదలుపెట్టారు. మిగతావాళ్లు అందుకున్నారు. ఆడదానికి మసకలో కళ్లు ఆనవని ఒకరు, మొగుడు ఊళ్లో లేనప్పుడే హక్కు తీసేసి ఉండాల్సిందని ఇంకొకరు. పది నిమిషాలలో తేల్చేశారు, పడవ వేరే మగవాడికి ఇచ్చేద్దామని. గోడ మీద పిక్కలలోతు నీళ్లలో నిలబడి బతికి వచ్చిన ఇద్దరు మగవాళ్లు కూడా తల ఊపారు. ఆమె చెయ్యి అడ్డం పెట్టకపోతే ఆ తలలు ఊపడానికి మిగిలేవా?

నేను లేచాను. నేను నోరు తెరవకముందే అన్న తెలుగులో అన్నాడు. అక్కడ ఉన్నవాళ్లలో సగానికి పైగా అరవవాళ్లు. మా ఇంటి మాట వాళ్లకు అర్థం కాదన్న ధీమాతో, మామూలు గొంతుతోనే, నవ్వు మొహం పెట్టుకొని అన్నాడు.

"కూర్చో. నేను జరిపినానని చెప్తే, స్విచ్చి వేసింది ఎవరో నేనూ చెప్తాను. మధ్యాన్నమే నీకు తెలుసు కదా. తెలిసి వేసినావు."

నిజమే చెబుతున్నాను. కూర్చుందామా అని ఒక్క క్షణం అనిపించింది. ఆ క్షణం తలచుకుంటే నా మీద నాకు అసహ్యం వేస్తుంది. అప్పుడు ఆ నవ్వు మొహం ఇంకోసారి చూశాను. ఇంట్లో మాట్లాడుకునే మాటను, అమ్మ మమ్మల్ని అన్నానికి పిలిచిన మాటను, ఇట్లా మూత పెట్టడానికి వాడుతున్నాడే అని ఒళ్లు తెలియని కోపం వచ్చింది. నేను అరవంలోనే, చివర కూర్చున్నవాళ్లకు కూడా వినబడేట్టు చెప్పాను.

"స్తంభం జరిపింది మా అన్న. అది జరిపినారని తెలిసి కూడా దీపం వేసింది నేను. ఇద్దరి పేర్లూ రాసుకోండి. ఆమె తప్పు ఏదో ఇప్పుడు చూపించండి."

నేను అంతటితో ఊరుకోలేదు. అందరినీ లేపి గట్టుకు నడిపించాను. సిమెంటు గుంత మీద ముగ్గు ఇంకా చెరగలేదు. ఒక చివర ఒకరిని నిలబెట్టి నాన్న చేసినట్టే వెదురుబొంగు పెట్టి చూపించాను. ఊరి ప్రెసిడెంటు రెండుసార్లు తనే జరిపి చూసుకున్నాడు. పడవ ఆమెకే ఉంచారు, కొత్త పలకలు ఊరే వేయించాలన్నారు. స్తంభం పాత గుంతలోకి తిరిగి వచ్చింది. అన్న ఎదురుగా నిలబడి గుడ్లురిమి చూశాడు గానీ గడ్డపారకు అడ్డం రాలేదు. ఆ తరవాత అతను సింహద్వారం మూసేసి, దక్షిణం గోడ పగలగొట్టి కొత్త గుమ్మం పెట్టించుకున్నాడు. నాతో మాట్లాడడం మానేశాడు. ఇప్పటికీ మాట్లాడడు. నేనూ మాట్లాడను.

ఆమెకు క్షమాపణ చెప్పినవాడు ఒక్కడూ లేడు. హక్కు తిరిగి ఇవ్వడమే పెద్ద దానం అయినట్టు మొహాలు పెట్టారు.

రెండు వారాలకు నేను చారూ అన్నమూ కట్టుకొని ఆమె ఇంటికి పోయాను. దాచడం ఎందుకు, ఆమె నన్ను మెచ్చుకుంటుందనే అనుకుంటూ పోయాను. సొంత అన్నను ఊరి ముందు నిలదీశాను. నా తప్పు నా నోటితో ఒప్పుకున్నాను. ఇంకెవరు చేస్తారు ఇంత? ఆమె గడప దగ్గర కూర్చొని, మిగిలిన రెండు వేళ్లతో తెడ్డు పట్టుకొని వదిలి, పట్టుకొని వదిలి చూసుకుంటోంది. బొటనవేలు ఉంది కాబట్టి పట్టు నిలుస్తుందని, నెల పడుతుందని చెప్పింది. క్యారియరు తీసుకొని లోపల పెట్టి వచ్చింది. మళ్లీ తెడ్డు చేతిలోకి తీసుకుంది.

తరవాత నా మొహం చూడకుండా, కోపం లేకుండా అడిగింది.

"మీ అన్నకు చెప్పినారంట కదా అక్కా. నాకెందుకు చెప్పలేదు?"

నేను అన్న మొండితనం గురించి ఏదో మొదలుపెట్టాను. ఆమె తల అడ్డంగా ఊపింది.

"ఆయన వినకపోతే పోయె. నాకు చెప్పింటే నేను ఆ పొద్దు అవతలే ఉండిపోయేదాన్ని. అంతే కదా."

అంతే. ఆమెకు చెప్పడానికి పంచాయితీ అక్కర్లేదు, వెదురుబొంగు అక్కర్లేదు, గొంతు చించుకోనక్కర్లేదు. ఒక్క ముక్క చాలు. మధ్యాహ్నం నుంచి నాలుగు గంటల దాకా, నేను మంచం మీద పడుకొని అన్నను తిట్టుకుంటున్నంతసేపూ ఆమె మా గట్టు కిందనే పడవను బోర్లించి తారు పూసుకుంటోంది. కిటికీలోంచి కనబడుతూనే ఉంది.